మునగ చెట్టున్న ఇళ్లవాళ్లు వానలకు ముందే చదవాల్సినవి

మొన్న మా వీధిలో ఒక పిల్లాడికి కన్ను వాచిపోతే కంటి డాక్టరు దగ్గరికి పరుగెత్తారు. మునగ చెట్టు కింద ఆపిన స్కూటరు సీటును చేత్తో తుడిచి, అదే చేత్తో కన్ను నలుపుకున్నాడట. సీటు మీద రాలిన గొంగళి పురుగు నూగు కంట్లో పడింది. అంతే.

చెన్నైలో అక్టోబరు వానలు మొదలైతే ఈ బెడద ఉన్నదే. నేలలో దాక్కున్న ప్యూపాల (పురుగు గూడు కట్టుకుని నిద్రపోయే దశ) నుంచి రెక్కల పురుగులు బయటికొచ్చి ఆకుల మీద, లేత కొమ్మల మీద గుంపుగా గుడ్లు పెడతాయి. ఈ పురుగును శాస్త్రవేత్తలు యూప్టెరోట్ మాలిఫెరా అంటారు. మనకు తగులుకునేది దాని పిల్ల, గొంగళి పురుగు. రాత్రంతా ఆకు మేసి, పగలు మొద్దుకు గుత్తులుగా అతుక్కుని ఉంటుంది. దూరం నుంచి చూస్తే బెరడే అనుకుంటాం.

ఒంటికి తగిలితే: రుద్దకండి. నేను చూసినవాళ్లలో బాధ ముదిరినవాళ్లంతా రుద్దినవాళ్లే. పురుగు ఒంటి మీది నూగు సన్నగా ఉంటుంది, రుద్దితే విరిగి చర్మంలోకి దిగుతుంది. విబూది రాయి, తులసాకు రుద్దు అని పక్కింటి పిన్నిగారు చెబుతారు. విబూది సంగతి తర్వాత, ఆ రుద్దడమే కొంప ముంచుతుంది. సెల్లోటేపు మెల్లగా అంటించి లాగండి, ప్రతిసారీ కొత్త ముక్కతో. ఆ తర్వాత సబ్బు, పంపు నీళ్లు. తువ్వాలుతో తుడవకండి, అదీ రుద్దడమే.

కంట్లో పడితే: అసలే రుద్దకండి. మంచినీళ్లతో కడిగి అదే రోజు కంటి డాక్టరుకు చూపించండి. ఎరుపు తగ్గిందని ఊరుకోవద్దు. నూగు లోపలికి జరిగి నెలల తర్వాత కూడా కన్ను మంటెక్కిస్తుంది.

చెట్టు మీద ఉంటే: పగలే పని ముగించండి, అప్పుడే గుత్తిగా దొరుకుతాయి. పొడుగు చేతుల చొక్కా, గ్లవ్స్, కళ్లద్దాలు, మాస్కు వేసుకుని, పొడవాటి చీపురుతో సబ్బునీళ్ల బకెట్లోకి దులపండి. గాలికి ఎదురుగా నిలబడొద్దు.

పైపుతో జోరుగా నీళ్లు కొట్టొద్దు, నూగు ఎగురుతుంది. తోటల్లో రైతులు పురుగులను కాల్చడానికి కాగడా పెడతారు, నిజమే. మన సందులో పైన కేబుల్ వైర్లు, కింద బండ్లు. వద్దు. కూరకు కోసుకునే చెట్టుకు పురుగుమందు కొట్టొద్దు. ఆషాఢంలో ఆకు కోసుకున్న చెట్టే కదా అని కార్తీకంలో చూడకుండా కొమ్మ పట్టుకోకండి. ఎవరు మునగ చెట్టెక్కించినా ఎక్కకండి, ఆ కొమ్మ పుటుక్కున విరుగుతుంది. చెట్టు కింద బట్టలు ఆరేయొద్దు. బండి ఆపొద్దు. ఆపారా, సీటు తడిగుడ్డతో ఒత్తి తీయండి, ఆ గుడ్డ పారేయండి. పురుగు చచ్చినా, కుబుసం విడిచినా చేత్తో ముట్టొద్దు, నూగు అప్పుడూ గుచ్చుకుంటుంది. పిల్లల చేతులు కడిగించండి. కన్ను రుద్దనివ్వకండి. ఊపిరాడకపోయినా, పెదాలో నాలుకో వాచినా టేపు, సబ్బు అన్నీ వదిలేసి 108కి ఫోన్ చేయండి.