కన్సోల్‌లో ఆన్‌లైన్ మల్టీప్లేయర్: స్పీడ్ సంగతి తర్వాత, ముందు ఇవి చూసుకోండి

కొత్త కన్సోల్ చేతికి రాగానే అందరూ అడిగే మొదటి ప్రశ్న "ఆన్‌లైన్‌లో ఆడాలంటే ఎన్ని ఎంబీపీఎస్ ప్లాన్ తీసుకోవాలి?" అని. నా లెక్కలో ఇది చివర అడగాల్సిన ప్రశ్న. ఎక్స్‌బాక్స్‌కి మైక్రోసాఫ్ట్ చెప్పే కనీస అవసరం డౌన్‌లోడ్ 3 ఎంబీపీఎస్, అప్‌లోడ్ అర ఎంబీపీఎస్, పింగ్ (సమాచారం గేమ్ సర్వర్‌కి వెళ్లి తిరిగి రావడానికి పట్టే సమయం) 150 మిల్లీసెకన్ల లోపు, అంతే. ఆట మొత్తం ముందే మీ కన్సోల్‌లో ఉంటుంది కదా, ఆడేటప్పుడు లైన్ మీద వెళ్లేదల్లా ఎవరు ఎక్కడున్నారు, ఎవరు ఏ బటన్ నొక్కారు అనే చిన్న చిన్న సమాచారం. పెద్ద ప్లాన్ వల్ల వంద జీబీ గేమ్ త్వరగా దిగుతుంది గానీ మ్యాచ్‌లో లాగ్ (ఆట ఆలస్యంగా స్పందించడం) పోదు. మ్యాచ్ బాగా నడవాలంటే లైన్ నిలకడగా ఉండాలి, అవతలి వాళ్ల కన్సోల్ మీ కన్సోల్‌ని చేరగలగాలి. మీరు సెట్టింగ్స్‌లో గడిపే టైమ్ అంతా ఈ రెండింటి మీదే పెట్టండి.

అయితే వాటికన్నా ముందు తప్పనిసరి పనులు కొన్ని ఉన్నాయి, అవి ముగించేద్దాం. సిస్టమ్ అప్‌డేట్, గేమ్ అప్‌డేట్ రెండూ ముందే చేసి పెట్టండి, లేదంటే స్నేహితులంతా లాబీలో (మ్యాచ్ మొదలయ్యే ముందు అందరూ చేరే చోట) కూర్చుని మీ డౌన్‌లోడ్ బార్ కోసం ఎదురుచూడాల్సి వస్తుంది. రెస్ట్ మోడ్‌లో ఆటోమేటిక్ అప్‌డేట్స్ ఆన్ చేస్తే రాత్రిపూట అదే దించుకుంటుంది. అకౌంట్ తెరిచేటప్పుడు పుట్టిన తేదీ సరిగ్గా ఇవ్వండి. పిల్లల వయసు పడితే వాయిస్ చాట్, ఆన్‌లైన్ ఆట లాంటివాటికి అడ్డు రావచ్చు, అప్పుడు పెద్దవాళ్ల అకౌంట్ నుంచి ఫ్యామిలీ సెట్టింగ్స్‌లోకి వెళ్లి ఒక్కొక్కటీ అనుమతించాలి. పిల్లల కోసమే కొన్నట్టయితే ఆ తాళాలు అలాగే ఉంచి, తెలిసిన స్నేహితులతో మాత్రమే మాట్లాడేలా పెట్టడం మంచిది.

టూ స్టెప్ వెరిఫికేషన్ (పాస్‌వర్డ్‌తో పాటు ఫోన్‌లో వచ్చే కోడ్ కూడా అడిగే పద్ధతి) ఈ రోజే ఆన్ చేయండి, రేపటికి వాయిదా వేయకండి. 2011 ఏప్రిల్‌లో ప్లేస్టేషన్ నెట్‌వర్క్‌లోకి హ్యాకర్లు చొరబడినప్పుడు దాదాపు 7 కోట్ల 70 లక్షల అకౌంట్ల వివరాలు బయటపడ్డాయి, సర్వీస్ మూడు వారాలకు పైగా ఆగిపోయింది. మీరు కొన్న గేమ్స్, సేవ్ ఫైల్స్, కార్డు వివరాలు అన్నీ ఆ ఒక్క అకౌంట్‌కే కట్టేసి ఉంటాయి కాబట్టి దానికి మీ ఈమెయిల్ పాస్‌వర్డే పెట్టకుండా వేరేది పెట్టండి. బ్యాకప్ కోడ్స్ కాగితం మీద రాసుకోండి, ఫోన్ పోయిన రోజు అవే దిక్కు.

ఇక సబ్‌స్క్రిప్షన్. డబ్బు పెట్టి కొన్న గేమ్స్‌ని ఆన్‌లైన్‌లో ఆడాలంటే చాలావరకు ప్లేస్టేషన్‌కి పీఎస్ ప్లస్, ఎక్స్‌బాక్స్‌కి కన్సోల్‌కి వర్తించే గేమ్ పాస్ ప్లాన్, స్విచ్‌కి నింటెండో స్విచ్ ఆన్‌లైన్ కావాలి. ఫోర్ట్‌నైట్ లాంటి ఉచిత గేమ్స్‌కి మాత్రం మూడింటిలోనూ అక్కర్లేదు. ఎక్స్‌బాక్స్‌లో ఒకప్పుడు వీటికీ కట్టాల్సి వచ్చేది, 2021 ఏప్రిల్ నుంచి ఆ నిబంధన తీసేశారు. అందుకే నేను చెప్పేదేంటంటే, ముందు ఉచిత గేమ్ ఒకటి దించుకుని మీ లైన్, నాట్ (దీని సంగతి కింద చెబుతాను), మైక్ అన్నీ దాని మీద పరీక్షించి, అప్పుడు డబ్బు కట్టండి. ఇంట్లో ఇద్దరు ముగ్గురు ఒకే పీఎస్5 వాడుతుంటే అందరికీ విడివిడిగా కొననక్కర్లేదు, సబ్‌స్క్రిప్షన్ ఉన్న అకౌంట్‌లో "కన్సోల్ షేరింగ్ అండ్ ఆఫ్‌లైన్ ప్లే" ఆన్ చేస్తే ఆ కన్సోల్‌లో మిగతావాళ్లకీ పనిచేస్తుంది. ఎక్స్‌బాక్స్‌లో దీన్నే "హోమ్ ఎక్స్‌బాక్స్" అంటారు. నింటెండో దారి వేరు, అక్కడ మామూలు మెంబర్‌షిప్ ఒక్క అకౌంట్‌కే, ఫ్యామిలీ మెంబర్‌షిప్ తీసుకుంటే 8 అకౌంట్ల దాకా చేర్చుకోవచ్చు.

వైరు వేయండి

వీలుంటే వైఫై మానేసి ల్యాన్ కేబుల్ పెట్టండి. వైఫైలో ఒక ప్యాకెట్ (సమాచారపు చిన్న ముక్క) గాల్లో పాడైతే మళ్లీ పంపాలి, ఈలోగా పక్కింటి రౌటర్ అదే ఛానెల్‌లో మాట్లాడుతుంటే అది ఆగేదాకా ఆగాలి. సినిమా చూస్తుంటే ఇవేవీ తెలియవు, ఎందుకంటే వీడియో ముందే కొంత దాచుకుని ఉంటుంది. ఆటలో దాచుకోవడానికి ఏమీ ఉండదు, ఒక్క 80 మిల్లీసెకన్ల ఆలస్యంలోనే మీరు గోడ వెనక్కి వెళ్లాననుకుంటారు, సర్వర్ మాత్రం మీరు ఇంకా బయటే ఉన్నారంటుంది. క్యాట్ 5ఈ కేబుల్ చాలు, 100 మీటర్ల దాకా గిగాబిట్ మోస్తుంది. అంతకన్నా ఖరీదైన "గేమింగ్ కేబుల్" జోలికి పోకండి.

స్విచ్ వాళ్లకి ఒక మాట: మొదటి స్విచ్ డాక్‌లో ల్యాన్ పోర్ట్ లేదు, యూఎస్‌బీ ల్యాన్ అడాప్టర్ కొనుక్కోవాలి. 2021లో వచ్చిన ఓఎల్ఈడీ మోడల్ డాక్‌లోనూ, స్విచ్ 2 డాక్‌లోనూ పోర్ట్ ఉంది.

కేబుల్ అసలు కుదరకపోతే 5 గిగాహెర్ట్జ్ వైఫైకి కలపండి, మధ్యలో గోడలు వీలైనంత తక్కువ ఉండేలా చూడండి, కన్సోల్‌ని మూసిన టీవీ క్యాబినెట్‌లోంచి బయటికి తీయండి. రౌటర్ రెండు బ్యాండ్లకీ (2.4, 5 గిగాహెర్ట్జ్) ఒకే పేరు పెట్టి ఉంటే విడివిడిగా పేర్లు పెట్టండి, అప్పుడే కన్సోల్ దేనికి కలిసిందో తెలుస్తుంది. 2.4 తప్పనిసరి అయితే (2013 నాటి మొదటి పీఎస్4లో అదొక్కటే ఉంది) రౌటర్‌లో 1, 6, 11 ఛానెళ్లలో రద్దీ తక్కువున్నది ఎంచుకోండి.

నాట్ అనే అసలు తలనొప్పి

పార్టీలో (వాయిస్ చాట్ గ్రూప్‌లో) స్నేహితుడి గొంతు వినిపించకపోవడం, లాబీలోకి రాలేకపోవడం, ఒకరితో కలుస్తూ ఇంకొకరితో కలవకపోవడం, ఇలాంటి వాటికి చాలాసార్లు కారణం నాట్ (NAT), అంటే ఇంట్లోని పరికరాల అడ్రస్‌లని రౌటర్ ఒకే బయటి అడ్రస్‌గా మార్చే పద్ధతి. మీ ఇంట్లో అన్ని పరికరాలకీ కలిపి బయటి ప్రపంచానికి కనిపించే ఐపీ అడ్రస్ మామూలుగా ఒక్కటే. లోపలి నుంచి ఎవరు బయటికి ఏం పంపారో రౌటర్ గుర్తుపెట్టుకుని దానికి వచ్చిన జవాబునే లోపలికి వదులుతుంది. ఎవరూ అడగకుండా బయటి నుంచి వచ్చిన ప్యాకెట్‌ని పారేస్తుంది. వెబ్‌సైట్లు చూడటానికి ఇది చాలు, కానీ కొన్ని ఆటల్లో, వాయిస్ చాట్‌లో ఒక కన్సోల్ నేరుగా ఇంకో కన్సోల్‌ని పలకరిస్తుంది, ఆ పలకరింపు అక్కడే ఆగిపోతుంది.

మీ పరిస్థితి ఏంటో కన్సోలే చెబుతుంది. పీఎస్5లో సెట్టింగ్స్, నెట్‌వర్క్, కనెక్షన్ స్టేటస్‌లో ఇంటర్నెట్ టెస్ట్ చేయండి. ఎక్స్‌బాక్స్‌లో నెట్‌వర్క్ సెట్టింగ్స్‌లో "టెస్ట్ నాట్ టైప్" ఉంటుంది. స్విచ్‌లో ఇంటర్నెట్ మెనూలోని టెస్ట్ కనెక్షన్. ప్లేస్టేషన్‌లో టైప్ 2 వస్తే చాలు, టైప్ 1 కోసం పాకులాడకండి, అది రౌటర్ లేకుండా నేరుగా కలిపినవాళ్లకి వచ్చేది. టైప్ 3 వస్తే పని ఉంది. ఎక్స్‌బాక్స్‌లో ఓపెన్ మంచిది, మోడరేట్‌తో నెట్టుకురావచ్చు, స్ట్రిక్ట్ అయితే ఓపెన్ ఉన్నవాళ్లతోనే కలవగలరు. స్విచ్‌లో ఏ, బీ వస్తే నిశ్చింత, డీ, ఎఫ్ వస్తే ఇబ్బంది.

సరిచేయడానికి మొదటి మెట్టు యూపీఎన్‌పీ, అంటే కన్సోల్ అడిగినప్పుడు దానికి కావాల్సిన దారిని రౌటర్ తనే తెరిచే సదుపాయం. రౌటర్ పేజీలోకి లాగిన్ అయి (అడ్రస్, పాస్‌వర్డ్ మామూలుగా రౌటర్ అడుగున స్టిక్కర్ మీద ఉంటాయి) యూపీఎన్‌పీ ఆన్ చేయండి, రౌటర్‌ని రీస్టార్ట్ చేయండి, తర్వాత కన్సోల్‌ని రెస్ట్ మోడ్‌లో కాకుండా పూర్తిగా ఆఫ్ చేసి ఆన్ చేయండి. ఇప్పుడు గేమ్ తెరిచి మళ్లీ రౌటర్ పేజీకి రండి. చాలా రౌటర్లలో యూపీఎన్‌పీ కింద ఒక పట్టిక కనిపిస్తుంది, అందులో 192.168.1.23 లాంటి మీ కన్సోల్ అడ్రస్, పక్కన యూడీపీ (సమాచారం పంపే ఒక పద్ధతి), పక్కన 3074 లాంటి పోర్ట్ నంబర్‌తో (పోర్ట్ అంటే తలుపు లాంటిది) ఒక వరస కొత్తగా చేరి ఉంటే పని అయినట్టే. పట్టిక ఖాళీగా ఉంటే కన్సోల్ అడిగిన తలుపు రౌటర్ తెరవలేదని అర్థం.

అప్పుడు పోర్ట్ ఫార్వర్డింగ్ చేతితో చేయాలి, అంటే ఏ పోర్ట్‌కి వచ్చింది కన్సోల్‌కి పంపాలో రౌటర్‌కి మీరే చెప్పాలి. ముందు రౌటర్‌లో డీహెచ్‌సీపీ రిజర్వేషన్ పెట్టి కన్సోల్‌కి ఎప్పుడూ ఒకే లోపలి ఐపీ వచ్చేలా చేయండి, ఈ మెట్టు వదిలేస్తే ఎప్పుడో ఒకరోజు కన్సోల్‌కి కొత్త అడ్రస్ వస్తుంది, మీరు తెరిచిన పోర్ట్ ఇంకెవరి ఫోన్‌కో వెళ్తుంది. తర్వాత ఎక్స్‌బాక్స్‌కి ముఖ్యంగా యూడీపీ 3074, ప్లేస్టేషన్‌కి టీసీపీ (యూడీపీ లాంటిదే ఇంకో పద్ధతి) 3478 నుంచి 3480 వరకు, యూడీపీ 3478, 3479 ఆ ఐపీకి పంపండి. ఇంట్లో రెండు ఎక్స్‌బాక్స్‌లు ఉంటే రెండూ 3074 కోసమే పోటీపడతాయి, వాటిలో ఒకదానిలో అడ్వాన్స్‌డ్ సెట్టింగ్స్‌కి వెళ్లి "ఆల్టర్నేట్ పోర్ట్ సెలెక్షన్"లో వేరే నంబర్ ఇవ్వండి.

ఇదంతా చేసినా స్ట్రిక్టే చూపిస్తుంటే రౌటర్ స్టేటస్ పేజీలో వ్యాన్ ఐపీ (రౌటర్‌కి బయటివైపు ఉన్న అడ్రస్) చూడండి, చాలామంది చూడనిది ఇదే. అది 192.168తోనో 10తోనో మొదలైతే బహుశా మీ రౌటర్‌కి ముందు ఇంకో రౌటర్ ఉంది, కంపెనీ ఇచ్చిన మోడెమ్ కూడా రౌటర్‌లా పనిచేస్తోందన్నమాట. దీన్ని డబుల్ నాట్ అంటారు. మోడెమ్‌ని బ్రిడ్జ్ మోడ్‌లోకి (రౌటర్ పని మానేసి లైన్ మాత్రమే అందించేలా) మార్చండి, లేదా మీ రౌటర్‌ని యాక్సెస్ పాయింట్ మోడ్‌లో (వైఫై మాత్రమే ఇచ్చేలా) పెట్టండి, రెండిట్లో ఒకటే నాట్ చేయాలి. వ్యాన్ ఐపీ 100.64 నుంచి 100.127 మధ్యలో ఉంటే మాత్రం సమస్య మీ ఇంట్లో లేదు. ఆ అడ్రస్‌లని 2012లో ఇంటర్నెట్ కంపెనీల కోసం పక్కన పెట్టారు, వాటితో ఎన్నో ఇళ్లకి కలిపి ఒకే పబ్లిక్ ఐపీ పంచుతారు. మొబైల్ హాట్‌స్పాట్‌లోనూ ఎక్కువగా ఇదే తంతు. ఇక మీ రౌటర్‌లో ఎన్ని పోర్టులు తెరిచినా లాభం లేదు, కస్టమర్ కేర్‌కి ఫోన్ చేసి "పబ్లిక్ ఐపీ ఇస్తారా, ఐపీవీ6 ఉందా" అని ఈ రెండే అడగండి. ఎక్స్‌బాక్స్‌కి ఐపీవీ6 (కొత్త తరం ఐపీ అడ్రస్‌ల పద్ధతి, ఇందులో అడ్రస్ పంచుకోనక్కర్లేదు) దొరికితే దాన్ని వాడుకుంటుంది, చాలాసార్లు దాంతోనే గండం గడుస్తుంది.

పింగ్ పెరిగేది ఎక్కడ

ఆప్టిక్ ఫైబర్‌లో కాంతి మిల్లీసెకనుకి 200 కిలోమీటర్లు పోతుంది. అంటే 1000 కిలోమీటర్ల అవతల ఉన్న సర్వర్‌కి వెళ్లి రావడానికి కనీసం 10 మిల్లీసెకన్లు, నిజంలో అంతకన్నా ఎక్కువే. ఏ ప్లాన్ కొన్నా ఇది తగ్గదు. అందుకే గేమ్ సెట్టింగ్స్‌లో రీజియన్ ఎంచుకునే అవకాశం ఉంటే ఒక్కోదాని పక్కన చూపించే పింగ్ చూసి తక్కువున్నదే పెట్టండి.

మామూలుగా 30 ఉండే పింగ్ సాయంత్రం ఉన్నట్టుండి 300కి పోతుంటే అనుమానించాల్సింది ఇంట్లోని అప్‌లోడ్‌ని. ఎవరి ఫోనో ఛార్జింగ్‌కి పెట్టగానే ఫొటోలు, వీడియోలు క్లౌడ్‌కి పంపడం మొదలుపెడుతుంది, ఆ ప్యాకెట్లన్నీ రౌటర్‌లో క్యూ కడతాయి, మీ బటన్ నొక్కుడు వాటి వెనకాల నిలబడుతుంది. రౌటర్‌లో ఎస్‌క్యూఎం (ఈ క్యూ పెరగకుండా చూసే సదుపాయం) ఉంటే ఆన్ చేసి, అప్‌లోడ్ పరిమితిని మీకు నిజంగా వచ్చే స్పీడ్‌లో 85 నుంచి 90 శాతానికి పెట్టండి. కొంచెం స్పీడ్ పోతుంది, క్యూ పోతుంది. నన్నడిగితే ఈ మొత్తం వ్యవహారంలో ఎక్కువ ఫలితం ఇచ్చే మార్పు ఇదే, చేసేవాళ్లు మాత్రం చాలా తక్కువ. ఎస్‌క్యూఎం లేకపోతే క్యూఓఎస్‌లో (ఏ పరికరం ముందో రౌటర్‌కి చెప్పే సెట్టింగ్) కన్సోల్‌కి ప్రాధాన్యం ఇచ్చి, ఫోన్ల బ్యాకప్ రాత్రికి మార్చండి.

టీవీలో గేమ్ మోడ్ ఆన్‌లో ఉందో లేదో కూడా చూడండి. టీవీ బొమ్మకి మెరుగులు దిద్దడంలో తీసుకునే ఆలస్యాన్ని నెట్ మీదికి నెట్టేసేవాళ్లు చాలామంది.

మాట్లాడుకోవడానికి హెడ్‌సెట్ వాడండి, టీవీ స్పీకర్ శబ్దం కంట్రోలర్ మైక్‌లోకి పోతే పార్టీలో అందరికీ ఎకో వినిపిస్తుంది. పీఎస్5 కంట్రోలర్‌లో పీఎస్ బటన్ కింద సన్నటి మ్యూట్ బటన్ ఉంటుంది, అది నారింజ రంగులో వెలుగుతుంటే మీ మాట ఎవరికీ వినపడటం లేదని గుర్తు. మొదటి స్విచ్‌లో నింటెండో సొంత వాయిస్ చాట్ ఫోన్ యాప్‌లోంచి నడుస్తుంది, స్విచ్ 2లో కన్సోల్‌లోనే గేమ్‌చాట్ పెట్టారు.

స్నేహితులది వేరే కన్సోల్ అయితే గేమ్‌లో క్రాస్‌ప్లే ఆన్ చేసి, గేమ్ కంపెనీ అకౌంట్‌ని మీ కన్సోల్ అకౌంట్‌కి లింక్ చేసి, వాళ్లని కన్సోల్ లిస్ట్‌లో కాకుండా గేమ్ ఫ్రెండ్ లిస్ట్‌లో చేర్చుకోండి. ఎక్స్‌బాక్స్‌లో ప్రైవసీ సెట్టింగ్స్ కింద ఎక్స్‌బాక్స్ బయటివాళ్లతో ఆడనివ్వాలా అని వేరే అనుమతి ఉంటుంది, పిల్లల అకౌంట్లలో అది మూసి ఉంటే గేమ్‌లో ఎన్ని మార్చినా ఇన్వైట్ రాదు.

నిన్నటిదాకా బాగా పనిచేసింది ఈ రోజు ఉన్నట్టుండి ఆగిపోతే రౌటర్ జోలికి వెళ్లకముందు ఫోన్‌లో ఆ సర్వీస్ స్టేటస్ పేజీ తెరవండి. ప్లేస్టేషన్, ఎక్స్‌బాక్స్, నింటెండో మూడింటికీ అలాంటి పేజీ ఉంది, గేమ్‌కి విడిగా ఉంటే అదీ చూడండి. అక్కడ అంతా సవ్యంగా ఉందంటేనే మళ్లీ నాట్ టెస్ట్ నుంచి మొదలుపెట్టండి, ఒకసారికి ఒక్క సెట్టింగే మార్చండి, మార్చే ముందు పాత స్క్రీన్‌ని ఫోన్‌తో ఫొటో తీసి పెట్టుకోండి.