గోలెం ఊరు దాటి పోకుండా చూసుకోవడం ఎలా?

“మామయ్యా, మా గోలెం కనిపించడం లేదు.” పర్లాకిమిడిలో మా వీధి పిల్లలు నా దగ్గరికి ఎక్కువగా తెచ్చే ఫిర్యాదు ఇదే. సెలవులకు పాతపట్నం నుంచి వచ్చే మేనల్లుళ్లదీ అదే పాట. 1936లో ఒడిశా విడిగా ఏర్పడినప్పటి నుంచి రెండు ఊళ్ల మధ్య రాష్ట్రాల సరిహద్దు ఉంది గానీ, ఫోన్లలో ఈ పిల్లలందరిదీ ఒకటే మైన్‌క్రాఫ్ట్ ఆట ప్రపంచం. అందులో ఊరికి కాపలా కాసే ఇనుప బొమ్మ, ఐరన్ గోలెంను తయారుచేయడం అందరికీ వచ్చు. తయారైన దాన్ని ఊళ్లో నిలుపుకోవడమే ఎవరికీ రాదు. పోయినప్పుడల్లా కొత్తది చేసుకుని మళ్లీ పోగొట్టుకుంటారు. ఈ పద్ధతి ఒకసారి రాసి పెడితే నాకూ కాస్త ఊపిరి తీసుకునే వీలుంటుంది.

ముందు సామగ్రి. ఇనుప దిమ్మెలు నాలుగు కావాలి. ఒక్కో దిమ్మెకు తొమ్మిది కడ్డీలు, అంటే మొత్తం 36. గుమ్మడికాయకు ముఖం చెక్కడానికి కత్తెర కావాలి కాబట్టి దానికి ఇంకో రెండు. కత్తెర ముందే ఉంటే సరే. లోపల దీపం పెట్టిన గుమ్మడికాయ అయినా పనిచేస్తుంది. ఇనుము ఎక్కడ తవ్వాలో, కొలిమిలో ఎలా కరిగించాలో ఇక్కడ చెప్పను. అది కూడా తెలియకపోతే ఊరికి కాపలా పెట్టే దశ ఇంకా రాలేదని అర్థం.

నేల మీద ఒక దిమ్మె, దాని మీద ఇంకొకటి, ఆ రెండోదానికి అటూ ఇటూ చేతుల్లా ఒక్కొక్కటి, పైన గుమ్మడికాయ. ఇంతే. అయితే సినిమా షూటింగులో గుమ్మడికాయ కొట్టినట్టు, ఇక్కడ కూడా గుమ్మడికాయ పని ఆఖరునే. ముందు పెడితే దిమ్మెలు దిమ్మెల్లాగే ఉండిపోతాయి. చేతుల కింద రెండు గళ్లు, తలకు అటూ ఇటూ రెండు గళ్లు (గడి అంటే ఒక దిమ్మె పట్టే చోటు) పూర్తిగా ఖాళీగా ఉండాలి. గడ్డి మొక్క ఉన్నా, పువ్వు ఉన్నా, మంచు పొర ఉన్నా గోలెం లేవదు. చేతులు పెట్టడానికి ఆసరాగా మట్టి దిమ్మెలు పేర్చి, వాటిని తీయడం మరిచిపోయి, “ఆట పాడైంది” అంటారు. ఆట బాగానే ఉంది, మట్టి తీయండి. నిజానికి ఆసరా అక్కరలేదు. నడుము దిమ్మె పక్క ముఖం మీద నొక్కితే చెయ్యి దానంతట అదే అతుక్కుంటుంది.

ఎక్కడ చేయాలి? ఊరి మధ్యలో, ఆరుబయట. ఇంట్లో చేస్తే బయటికి రాదు.

ఇక అసలు కష్టమైన పని కంచె. ఇక్కడ నిదానంగా చదవండి.

చాలామంది కంచె వేయకుండా, తాడు తెచ్చి గోలెంను ఒక కంచె గుంజకు కట్టేస్తారు. వీడియోల్లో కూడా ఇదే చూపిస్తారు, చూసినప్పుడల్లా నాకు ఒళ్లు మండుతుంది. కట్టేసిన గోలెం తాడు పొడవు దాటి జాంబీని తరమలేదు. ఊరి అవతలి కొసన విలేజర్ (ఆటలోని ఊరి మనిషి) మీద జాంబీ పడుతుంటే ఇది గుంజ చుట్టూ తిరుగుతూ ఉంటుంది. అంతకన్నా ఘోరం, అస్థిపంజరాలు దూరంగా నిలబడి బాణాలు వేస్తే అది కదలలేక దెబ్బలు తింటుంది. 36 కడ్డీలు పోసి కాపలాదారును తెచ్చి దాన్ని బందీని చేయడం ఏం తెలివి? తాడును ఒకే ఒక్క పనికి వాడండి: తప్పిపోయిన గోలెంను ఇంటికి తీసుకురావడానికి. పడవలో ఎక్కిద్దామని చూడకండి, పట్టదు.

కంచె వేయాలంటే ముందు గోలెం కొలతలు బుర్రకెక్కాలి. దాని ఎత్తు దాదాపు మూడు గళ్లు, వెడల్పు 1.4 గళ్లు. కనుక ఒక గడి వెడల్పున్న సందులోంచి మీరు వెళ్తారు, విలేజర్ వెళ్తాడు, జాంబీ వెళ్తుంది, గోలెం మాత్రం వెళ్లలేదు. రెండు గళ్ల సందు వదిలితే వెళ్తుంది. ఇంకోటి, ఒక గడి ఎత్తున్న మెట్టును అది ఎగరకుండానే ఎక్కేస్తుంది. కంచె దిమ్మె ఎత్తు ఆటలో గడిన్నర. చదునైన నేల మీద ఆ అదనపు అరగడే దాన్ని ఆపుతుంది.

చదునైన నేల మీద అన్నాను. గోలెంలన్నీ పోయేది ఇక్కడే. ఊరు ఎప్పుడూ బల్లపరుపుగా ఉండదు. ఎక్కడో ఒకచోట నేల ఒక గడి దిగుతుంది. ఆ దిగే చోట పిల్లలు ఏం చేస్తారంటే, మెట్టు కింద, బయటివైపు పల్లంలో కంచె పాతుతారు, అక్కడ నిలబడి పాతడం సులువని. బయటి నుంచి చూస్తే కంచె నిండుగా కనిపిస్తుంది. లోపల, మెట్టు మీద నిలబడి చూడండి: కంచె మీ కాలి దగ్గర అరగడే పైకి ఉంటుంది. గోలెంకు అది గడప కూడా కాదు, దాటేస్తుంది. కంచె ఎప్పుడూ మెట్టు మీద, ఎత్తైన నేల అంచున పాతాలి. పల్లంలోనే పాతక తప్పకపోతే అక్కడ కంచె మీద కంచె వేసి రెండు వరసలు చేయండి.

రెండో లోపం కంచెకు ఆనించి సామాను పెట్టడం. గడ్డి మోపు, పెట్టె, ఎరువు తొట్టి, మెట్ల దిమ్మె, సగం పలక, ఆకుల దిమ్మె, ఏదైనా సరే కంచె పక్కనుంటే అది గోలెంకు మెట్టవుతుంది. నా నియమం ఇది: కంచెకు లోపలివైపు రెండు గళ్ల మేర ఏమీ ఉండకూడదు. ఒక గడి సరిపోదా అని అడుగుతారు. సరిపోతుంది. అయినా రెండు వదలండి. ఒకటి వదిలిన చోట ఎవరో వచ్చి క్యారెట్ల కోసం మట్టి పోస్తారు.

కంచె అంతా అయ్యాక, లోపలివైపు నుంచి కంచె వెంట ఊరంతా ఒక చుట్టు నడవండి. బయటి నుంచి కాదు, లోపలి నుంచి. నడిచేటప్పుడు మీ కళ్లు కంచె మీద కాదు, కంచెను తాకే నేల మీద ఉండాలి. నేల ఎత్తు మారిన ప్రతిచోటా ఆగండి. ఈ ఒక్క చుట్టు తిరగడానికి బద్ధకించి, తర్వాత రాత్రంతా అడవిలో గోలెంను వెతికేవాళ్లను ఎంతమందినో చూశాను.

ఊళ్లోకి వచ్చే దారి దగ్గర కంచె గేటు ఒక్కటే పెట్టండి, ఒక గడి వెడల్పుది. అందంగా ఉంటుందని జంట గేట్లు పెట్టొద్దు. విలేజర్లు మామూలు చెక్క తలుపులు తీయగలరు గానీ కంచె గేట్లు తీయలేరు, అందుకని వాళ్లూ లోపలే ఉంటారు. చీకటి పడేసరికి గేటు మూయాలి, లేదంటే జాంబీలు వస్తాయి. మా వాళ్ల ఆటలో గేటు మూయమని ఒకడు తెలుగులో, ఇంకొకడు ఒడియాలో అరుస్తారు. గేటు మాత్రం తెరిచే ఉంటుంది. ఎవరు మూయాలో ముందే ఒకరి పేరు అనుకోండి.

గోలెం అప్పటికే పోయిందా? వెంటనే కొత్తది చేయకండి. ఎత్తు నుంచి పడినా దానికి దెబ్బ తగలదు, నీళ్లలో మునిగినా చావదు. కాబట్టి చాలాసార్లు అది ఏ కొండ కిందో, నిటారు గట్టున్న చెరువు అడుగునో పైకి రాలేక తిరుగుతూ ఉంటుంది. పల్లపు చోట్లు ముందు చూడండి. గట్టున మట్టితో మెట్లు కట్టి, తాడు వేసి నడిపించుకు రండి. ఊళ్లో దిగుడు గుంటలు, లోతైన కాలువలు ఉంటే పూడ్చేయడం మేలు.

గోలెం ఉంది కదా అని దీపాలు మానేయకూడదు. అది క్రీపర్ జోలికి పోదు. క్రీపర్ గుట్టుగా లోపలికి వచ్చి పేలితే కంచె, ఇల్లు, పంట అన్నీ పోతాయి. 2021 చివర వచ్చిన 1.18 వెర్షన్ తర్వాత రాక్షసులు పూర్తి చీకట్లోనే పుడుతున్నాయి కాబట్టి కాగడాలు కొన్ని చాలు, కాకపోతే ఇళ్ల వెనక మూలలు వదలొద్దు. పిల్లిని చూస్తే క్రీపర్లు దూరంగా పారిపోతాయి. పచ్చి చేప పెట్టి ఒకటి రెండు పిల్లులను మచ్చిక చేసుకుని గేటు దగ్గర కూర్చోబెట్టండి. నా దృష్టిలో పిల్లి లేని ఊరికి సగం కాపలాయే.

ఊరు పెద్దదైతే గోలెంలు వాటంతట అవే పుడతాయి. ఫోన్లలో ఆడే బెడ్‌రాక్‌లో అందుకు కనీసం 20 మంచాలు, 10 మంది విలేజర్లు ఉండాలి. కంప్యూటర్‌లో ఆడే జావాలో లెక్క వేరు. అక్కడ విలేజర్లకు సరిగా నిద్ర ఉండటం, దగ్గరలో ఇంకో గోలెం కనిపించకపోవడం ముఖ్యం. ఇనుము కోసం గోలెంలను చంపేవాళ్లు ఒక లెక్క చూసుకోవాలి: చచ్చిన గోలెం నుంచి వచ్చేది 3 నుంచి 5 కడ్డీలు. మీరు చేసినదాన్ని చంపితే ముప్పైకి పైగా నష్టం. విలేజర్లను భయపెట్టి గోలెంలను పుట్టించి లావాలో కాల్చే ఇనుప ఫారాలు కొందరికి ఇష్టం. విలేజర్ పిల్లలకు పువ్వు చాపే ప్రాణిని లావాలో వేయడం నాకు నచ్చదు, అందుకే ఇక్కడ నేర్పను.

ఊళ్లో పుట్టిన గోలెం చూస్తుండగా విలేజర్‌ను కొట్టకండి. అది మీ మీదికే వస్తుంది. ఫోన్‌లో వేలు జారి తగిలినా ఆటకు దెబ్బ దెబ్బే, కాబట్టి విలేజర్‌తో బేరమాడేటప్పుడు కత్తిని చేతిలోంచి మార్చుకోండి.

చివరిగా మరమ్మతు. గోలెం 2012 నుంచి ఆటలో ఉన్నా, కడ్డీతో బాగుచేసే వీలు జావాలో 2019 చివర 1.15తో వచ్చింది. పాత వీడియోలు చూసి నేర్చుకున్నవాళ్లకు ఇది తెలియదు. దాని ఆయుష్షు 100. తగ్గుతున్న కొద్దీ ఒంటి మీద పగుళ్లు కనిపిస్తాయి, అవి వాటంతట అవి మానవు. చేతిలో కడ్డీ పట్టుకుని దాని మీద వాడితే 25 పెరుగుతుంది. ప్రతి ఉదయం గోలెం ఒళ్లు ఒకసారి చూడండి. అందుకు కావలసిన కడ్డీలు ఒక పెట్టెలో గేటు దగ్గరే ఉంచుకోండి, ఎవరూ వాటితో బకెట్లు చేసుకోకుండా చూసుకోండి. పెట్టె మాత్రం కంచెకు ఆనించి కాదు, రెండు గళ్లు ఇవతల.