ఇచ్చిన మర్నాటి నుంచి: వైద్యానికీ కళలకూ విరాళమివ్వదలచినవారికి కొన్ని సూచనలు

గుంటూరులో అమెరికా మిషనరీ వైద్యురాలు డాక్టర్ అన్నా కుగ్లర్ 1898లో ఆసుపత్రి ప్రారంభించిన తరువాత, ఆమె చేసిన వైద్యానికి కృతజ్ఞతగా ఏలూరు జమీందారు మంత్రిప్రెగడ భుజంగరావు గారు దాని ఎదుట రోగుల బంధువులు తలదాచుకోవడానికి ఒక సత్రం కట్టించారు. ‘మంజువాణి’ సాహిత్య పత్రికను నడిపినవారూ ఆయనే. మందుల కోసం వచ్చిన మనిషి వెంట ఇంకొకరు వస్తారనీ, ఆ రాత్రి వారు ఎక్కడో ఒకచోట పడుకోవాలనీ ఆయన గమనించారు. ఇవ్వదలచినవారు మొదట అలవరచుకోవలసింది ఆ గమనింపునే.

ఏడాదికి ఎంత ఇవ్వగలరో ఇంట్లో అందరూ కూర్చుని ముందుగా ఒక మొత్తం అనుకోండి. చెక్కు రాసే ముందు కనీసం మూడు సార్లు ఆసుపత్రికి వెళ్లండి. సూపరింటెండెంట్ గారితో మాట్లాడడం మర్యాద, కానీ అసలు సంగతులు చెప్పేది వార్డు సిస్టర్లూ, టెక్నీషియన్లూ. ‘మీకేం కావాలి’ అని అడిగితే మొహమాటానికి ఏదో ఒకటి చెబుతారు. ‘పోయిన ఏడాది ఏది లేక పని ఆగింది’ అని అడగండి.

ఇది నేను నష్టపడి నేర్చుకున్నాను. మా అత్తగారి పేరిట ఒక ఆసుపత్రికి డయాలసిస్ యంత్రం ఇచ్చాను. రిబ్బను కత్తిరించాం, మిఠాయిలు పంచాం. అయిదు నెలల తరువాత వెళ్లి చూస్తే దాని మీది ప్లాస్టిక్ కవరు కూడా తీయలేదు. ఒక్కసారి డయాలసిస్ చేయాలంటే దాదాపు నాలుగు గంటల సమయమూ, వంద లీటర్లకు పైగా శుద్ధి చేసిన నీరూ కావాలి. అక్కడ ఉన్న ఆర్‌ఓ ప్లాంటు పాత యంత్రాలకే చాలడం లేదు, రెండో షిఫ్టుకు టెక్నీషియను లేరు. ఈ రెండూ నేను అడగలేదు, ఆ తప్పు నాదే. ఏ. కొండూరు మండలంలోని కిడ్నీ బాధితుల వంటివారికి వారానికి రెండు మూడు సార్లు డయాలసిస్ తప్పదు కాబట్టి, మూలపడిన యంత్రం వల్ల ఎన్ని ప్రయాణాలు వృథా అవుతాయో ఊహించండి. అందువల్ల ఏ పరికరమైనా కొనే ముందు అయిదేళ్ల మరమ్మతు ఒప్పందం, గొట్టాలు, ఫిల్టర్ల వంటి వాడకపు సామగ్రి, నడిపే మనిషి జీతం కలిపి లెక్క వేయండి. ఆ మొత్తం మీ శక్తికి మించితే యంత్రం మానేసి, ఉన్నవాటిని నడిపే ఖర్చు భరించండి. అందులో శిలాఫలకం ఉండదు, కానీ మంచం ఖాళీగా ఉండదు.

ఆరోగ్యశ్రీ వంటి ప్రభుత్వ పథకం చికిత్స ఖర్చు భరించినా, వెంట వచ్చినవారి తిండికీ, పోయిన కూలికీ దిక్కుండదు. గుంటూరు పెద్దాసుపత్రి గేటు దగ్గర మధ్యాహ్నం ఒంటిగంటకు నిలబడితే ఈ మాట ఎవరూ చెప్పనక్కరలేదు. తలసేమియా అనే పుట్టుకతో వచ్చే రక్తవ్యాధి ఉన్న పిల్లలకు రెండు నుంచి నాలుగు వారాలకొకసారి రక్తం ఎక్కించాలి. కాలేజీలకు సెలవులిచ్చే ఏప్రిల్, మే నెలల్లో దాతలు తగ్గిపోతారు కనుక రక్తదాన శిబిరం పెట్టదలచినవారు పుట్టినరోజుల కోసం చూడక ఆ నెలల్లో పెట్టాలి.

కళల విషయానికి వస్తే, బెజవాడలో వేదికలకు లోటు లేదు: తుమ్మలపల్లి వారి కళాక్షేత్రం ఉంది, నాటకాలకు హనుమంతరాయ గ్రంథాలయం ఉంది, బాలమురళీకృష్ణ గారు తొలి ప్రిన్సిపాల్‌గా పనిచేసిన సంగీత కళాశాల ఉంది. లోటల్లా కళాకారుడి చేతికి అందే డబ్బులోనే. ఒక సభ ముగిశాక వయొలిన్ విద్వాంసులొకరు తనకు కప్పిన శాలువాను నాలుగు మడతలు పెట్టి, పెట్టెలో వాద్యం మీద పరచి, ‘అమ్మా, తెనాలికి ఆఖరి బస్సు ఎన్నింటికి?’ అని అడిగారు. నిర్వాహకులు ఆయనకు దారి ఖర్చులు కూడా ఇవ్వలేదని ఆటో ఎక్కించేటప్పుడు తెలిసింది. అప్పటి నుంచి నేను సాయం చేసే ప్రతి కార్యక్రమానికీ ఒకటే షరతు పెడుతున్నాను: కూచిపూడి ప్రదర్శన అయితే నట్టువాంగం (తాళం వేస్తూ నాట్యాన్ని నడిపించడం), గాత్రం, మృదంగం, వయొలిన్, వేణువు, మేకప్ చేసేవారు, అందరి పేర్లూ పారితోషికాలూ ముందుగా కాగితం మీద ఉండాలి, ఆ డబ్బు తెర లేవక ముందే అందాలి. వయసు మీరిన నాటక కళాకారులకు ఏడాదికొకసారి కంటి, షుగరు, గుండె పరీక్షలు చేయించండి. నేను చేసిన పనుల్లో నాకు ఎక్కువ తృప్తినిచ్చింది అదే.

లెక్కల సంగతి క్లుప్తంగా చెబుతాను. విరాళానికి 80జిగా పేరుపడిన ఆదాయపు పన్ను మినహాయింపు కావాలంటే సంస్థకు ఆ గుర్తింపు ఉండాలి. రెండు వేల రూపాయలకు మించి నగదుగా ఇస్తే అది వర్తించదు, వస్తు రూపంలో ఇచ్చినదానికీ వర్తించదు. కొత్త పన్ను విధానం ఎంచుకున్నవారికి ఈ మినహాయింపు ఉండదు. విదేశీ పౌరసత్వం తీసుకున్న బంధువులు పంపే విరాళాన్ని ఎఫ్‌సీఆర్‌ఏ (విదేశీ విరాళాల చట్టం) అనుమతి ఉన్న సంస్థే తీసుకోవాలి.

రోగుల ఫోటోలు తీయించకండి. చెక్కు అందిస్తున్నప్పుడు పక్కన నిలబడిన తల్లి కాదనలేదు కాబట్టే ఆ నిర్ణయం మీరు తీసుకోవాలి.

చివరగా, ఇచ్చిన రోజే డైరీలో మూడు నెలల తరువాతి తేదీ ఒకటి రాసుకోండి. ఆ రోజు ముందుగా కబురు చేయకుండా, ఒంటరిగా, ఉదయం తొమ్మిదింటికి వెళ్లి చూసి రండి.