కడపలో ఉండి కామెడీ షార్ట్ ఫిల్ములు తీయాలనుకుంటే

రాసేదీ తీసేదీ డైరెక్ట్ చేసేదీ మీరొక్కరే అయినప్పుడు కథకు ముందు చేతిలో ఏముందో చూసుకోండి. ఇద్దరు నటులు, ఒక మిద్దె, తెలిసినవాళ్ళ టిఫిన్ హోటలు ఉంటే వాటితోనే రాయండి. గండికోట పురావస్తు శాఖ కింద ఉంది, అక్కడ షూటింగంటే అనుమతి కావాలి, మొదటి ఫిల్ముకు ఆ తిరుగుడు వద్దు.

పాత్రకు ఏదో గట్టిగా కావాలి, అప్పుడే నవ్వు పుడుతుంది. కొత్తల్లుణ్ణి మామ హోటలుకు తీసుకెళ్ళి కారం దోశ పెట్టించాడనుకోండి. మామ ముందు పరువు పోకూడదని అల్లుడి తాపత్రయం. కళ్ళల్లో నీళ్ళు తిరుగుతున్నా "ఎట్లుండాది అల్లుడా?" అంటే "బాగుంది మామా" అంటాడు, మామ పొంగిపోయి "ఇంగొకటి ఎయ్యప్పా" అని కేకేస్తాడు. అల్లుడు వేసేవాడు నవ్విద్దామని మొహం వంకర్లు తిప్పాడా, సీను చచ్చిపోయినట్టే. వాడు నిజంగా ఏడుపు ఆపుకోవాలి.

ముందు ఇద్దరూ కనబడేలా సీనంతా ఒకసారి తీసి, తర్వాత మామను, అల్లుణ్ణి విడివిడిగా, ఆఖర్న ప్లేటు, నీళ్ళ గ్లాసు తీసుకోండి. అల్లుడి మీద ఉన్నప్పుడు డైలాగు అయిపోయినా వెంటనే కట్ చెప్పొద్దు, నాలుగైదు సెకన్లు రికార్డింగు ఆపకుండా ఉంచండి, ఎడిటింగులో దిక్కు అదే. "ఇంగొకటి" అనే మాట వినబడేటప్పుడు తెర మీద మామ కాదు, అల్లుడు ఉండాలి.

ఫ్యాను ఆపించండి, కాలర్ మైకు పెట్టండి. బొమ్మ కాస్త మసగ్గా ఉన్నా చూస్తారు గానీ మాట వినబడకపోతే ఎవరూ ఆగరు. ట్యూబ్‌లైటు కింద చారలు వస్తుంటే కెమెరాలో షటర్ స్పీడు 1/50 సెకనుకు పెట్టండి, మన కరెంటు 50 హెర్ట్జ్ కదా.

ఇంకోమాట, సీమ అనగానే కత్తులూ సుమోలూ రాయొద్దు దయచేసి. మీ అవ్వ ఎట్లా మాట్లాడుతుందో అట్లా రాయండి, అందులో ఎంత నవ్వుందో మనకు తెలుసు.

ఇక డబ్బులు. యూట్యూబ్ యాడ్స్‌లో వాటా రావాలంటే 1000 మంది సబ్‌స్క్రైబర్లతో పాటు 12 నెలల్లో 4000 గంటల వీక్షణ, లేదా 90 రోజుల్లో కోటి షార్ట్స్ వ్యూస్ ఉండాలి. షార్ట్స్ ఫీడ్‌లో చూసిన సమయం ఆ 4000 గంటల్లోకి రాదు. 2024 అక్టోబరు 15 నుంచి మూడు నిమిషాల లోపు నిలువు వీడియోలు కూడా షార్ట్స్ కిందికే పోతున్నాయి, అందుకే అసలు ఫిల్మును ఐదారు నిమిషాలకు, అడ్డంగానే తీయండి. అంతవరకూ పెళ్ళి వీడియోలు, ప్రొద్దుటూరు బంగారం షాపుల యాడ్లు చేసుకోండి, చెయ్యి కూడా తిరుగుతుంది.

సినిమాల్లోకి పోవాలనుంటే దారి లేకపోలేదు, అనంతపురం డైరెక్టర్ సుజీత్ షార్ట్ ఫిల్ముల నుంచే వచ్చి 2014లో తొలి సినిమా తీశాడు. నిర్మాతకు లింకులు పంపేటప్పుడు మాత్రం తీసినవన్నీ పంపకండి. బాగా వచ్చినవి రెండు చాలు, అరనిమిషంలోపే నవ్వొచ్చేది ముందు పెట్టండి.