టెస్ట్ టెస్ట్‌కీ అదే తప్పు చేస్తున్నారా? ఎక్కడ పోతోందో చూద్దాం

ఇంటర్ పిల్లలకి సాయంత్రాలు ఫిజిక్స్ చెప్తుంటాను. వీకెండ్ టెస్ట్ అయ్యాక ప్రతిసారీ వినేది ఒకటే మాట, "సిల్లీ మిస్టేక్ సార్".

సమస్య: సొల్యూషన్ చూస్తే అర్థమవుతుంది, టెస్ట్‌లో మాత్రం మళ్ళీ అదే తప్పు.

కారణం: కీ చూసి ఓహో ఇదా అనుకుని పేపర్ మడిచి బ్యాగ్‌లో పెట్టేస్తారు, అర్థమైంది కీ రాసినవాళ్ళ లెక్క, మీ చెయ్యి ఎక్కడ తప్పిందో చూడనేలేదు. మొన్న ఒకబ్బాయి రఫ్ షీట్ చూశా. గంటకి 72 కిలోమీటర్ల స్పీడ్‌లో ఉన్న కారు బ్రేక్ వేస్తే 50 మీటర్లలో ఆగింది, రిటార్డేషన్ (స్పీడ్ తగ్గే రేటు) ఎంత అని ప్రశ్న. ఫార్ములా కరెక్టే, కానీ 72ని సెకనుకి 20 మీటర్లుగా మార్చకుండా అలాగే వేసేశాడు, 4 రావాల్సింది 51.84 వచ్చింది. పక్కన పెన్సిల్‌తో "సిల్లీ" అని రాసుకున్నాడు. పాత పేపర్లు మూడు తిరగేస్తే రెండింట్లో యూనిట్స్ దగ్గరే మార్కులు పోయాయి, ఇంక అది సిల్లీ ఎలా అవుతుంది చెప్పండి.

పరిష్కారం: తప్పులకి విడిగా ఒక నోట్‌బుక్ పెట్టండి. ప్రశ్నంతా ఎక్కించక్కర్లేదు, నేనేం చేశాను, ఏం చెయ్యాల్సింది, రెండు లైన్లు చాలు. నాలుగు రోజులాగి కీ మూసేసి అదే లెక్క మళ్ళీ చెయ్యండి, అప్పుడొస్తేనే వచ్చినట్టు. ఆన్సర్ వచ్చాక అది కుదిరే నంబరేనా అని కూడా చూడాలి, 51.84 అంటే 'జీ' (భూమి ఆకర్షణ వల్ల వచ్చే త్వరణం) విలువకి ఐదు రెట్లు పైనే, మామూలు కారు బ్రేక్‌కి అంత ఎక్కడిది?

సమస్య: వచ్చినవన్నీ చేశా, అయినా మార్కులు తక్కువే.

జేఈఈ మెయిన్‌లో రైట్‌కి 4, తప్పుకి మైనస్ 1. ఈఏపీసెట్‌లో 160 ప్రశ్నలు, నెగెటివ్ లేదు. రెండూ ఒకే అలవాటుతో రాస్తే అక్కడ గుడ్డిగా పెట్టి పోగొట్టుకుంటారు, ఇక్కడ ఖాళీ వదిలేసి పోగొట్టుకుంటారు. రానివి ఎన్ని, వచ్చీ పోయినవి ఎన్ని, గుడ్డిగా పెట్టినవి ఎన్ని, విడివిడిగా లెక్కెయ్యండి.

సమస్య: ఫెయిలయ్యాక పుస్తకం ముట్టుకోవట్లేదు.

కారణం చాలాసార్లు ఇంట్లోనే ఉంటుంది. పక్కింటబ్బాయికి ఎన్నొచ్చాయో చూడు అని మొదలెడితే పిల్లలు పేపర్ దాచేస్తారు, పేపర్ కనిపించకపోతే తప్పు ఎవరు పట్టుకుంటారండీ? తిట్టే ముందు పక్కన కూర్చుని పేపర్ తెరవండి. బోర్డ్ ఎగ్జామ్ అయితే రీవెరిఫికేషన్‌కి అప్లై చేస్తే జవాబు పత్రం స్కాన్ కాపీ వస్తుంది, గడువు కొద్ది రోజులే, ఈలోగా సప్లిమెంటరీ ఫీజు కూడా కట్టేయండి. మా దగ్గర ఒకమ్మాయి తన కాపీ తెప్పించుకుంటే లాంగ్ ఆన్సర్స్ రెండూ డెరివేషన్ సగంలో ఆగిపోయి ఉన్నాయి, సప్లిమెంటరీకి ముందు ఆ రెండే పట్టుకుంది.