వీడియో డైరీలో పెదాలకీ మాటకీ పొంతన కుదిరిందిలా (నా అనుభవం)

జనవరి నుంచి రోజూ రాత్రి ఫోన్‌లో నాలుగైదు నిమిషాల వీడియో డైరీ తీసుకుంటున్నాను. నెలాఖరున అన్నీ కలిపి యూట్యూబ్‌లో ప్రైవేట్‌గా పెట్టుకుంటాను. మార్చి వీడియో చూస్తుంటే ప్రాణం ఉసూరుమంది. అమ్మ చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తూ తన పెళ్లినాటి సంగతులు చెబుతోంది. కాయ విరిచాక కాసేపటికి గానీ టప్‌మన్న చప్పుడు రావట్లేదు. పెదాలు ఒకటంటే మాట ఇంకొకటి!

ముందు మైక్ పోయిందనుకుని టెన్షన్ పడ్డాను. కానీ ఫోన్‌లోని అసలు క్లిప్ బాగానే ఉంది. ఎడిటింగ్‌లోకి తెచ్చాకే తేడా. కారణం ఏంటంటే, ఫోన్ ప్రతి సెకనూ సరిగ్గా 30 ఫ్రేములే (వీడియోలోని విడివిడి బొమ్మలు) తీయదు. వెలుతురు తక్కువైతే తగ్గించేస్తుంది. దీన్నే వేరియబుల్ ఫ్రేమ్ రేట్ అంటారు. కొన్ని ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్లు ఫ్రేములన్నీ సమాన వ్యవధిలో ఉన్నాయనుకుని లెక్కేస్తాయి. అందుకే క్లిప్ నడిచేకొద్దీ మాట వెనకబడుతుంది. మా వంటింట్లో రాత్రిపూట వెలుతురు మరీ తక్కువ.

హ్యాండ్‌బ్రేక్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో క్లిప్ తెరిచి, వీడియో ట్యాబ్‌లో ఫ్రేమ్ రేట్ 30 పెట్టి, దాని కిందే ఉండే ‘కాన్‌స్టంట్ ఫ్రేమ్‌రేట్’ (సెకనుకు ఎప్పుడూ అన్నే ఫ్రేములు) ఎంచుకున్నాను. అలా వచ్చిన కొత్త ఫైల్‌నే ఎడిటింగ్‌కి వాడాను. అంతే, సరిపోయింది.

ఒక్క మాట: ఒరిజినల్ క్లిప్పులు దయచేసి డిలీట్ చేయకండి. అవి ఉండబట్టే మార్చి నెల మొత్తం మళ్లీ కట్టుకోగలిగాను. ఇప్పుడు కాయ విరిగినప్పుడే టప్‌మంటోంది, అమ్మ నవ్వు అమ్మ పెదాల మీదే వినిపిస్తోంది.