జీఎస్టీ నంబరుకు అప్లై చేయడం ఎలా? ముందు డోర్ నంబరు సరిచూసుకోండి

పోయిన నెలలో ఒకరోజు సరిగ్గా నేను క్యారియరు విప్పే వేళకు, కొత్తగా గాజుల అంగడి పెట్టిన కుర్రాడొకడు వచ్చాడు. చేతిలో నోటీసు ప్రింటు. "అన్నా, టిన్ నంబరుకి పెడితే ఇది వచ్చింది. ఏం చేసేది?" అన్నాడు. వ్యాట్ పోయి 2017 జూలై 1 నుంచి జీఎస్టీ నడుస్తున్నా మా తిరుపతి అంగళ్లలో దాని పేరు ఇంకా టిన్ నంబరే. నోటీసుకు జవాబివ్వడానికి ఏడు పని దినాలు గడువు. అందులో ఐదు అప్పటికే అయిపోయాయి. వాళ్లు అడిగింది ఒకే ఒక్క సంగతి. అద్దె అగ్రిమెంట్లో ఒక డోర్ నంబరు, కరెంటు బిల్లులో ఇంకో డోర్ నంబరు ఉన్నాయి, మీ అంగడి ఏది అని.

నేను ఆడిటర్‌ని కాను. గోవిందరాజస్వామి గుడి దగ్గర పూజ సామాన్లు అమ్ముకునేవాణ్ణి. 2017లో నాది నేనే చేసుకున్నాను. ఆ తర్వాత మా వరసలో వాళ్లవి, వాళ్ల బావమరుదులవి, బావమరుదుల స్నేహితులవి కూడా నా నెత్తికే వచ్చాయి. నేను చూసినంతలో ఇది కంప్యూటర్ దగ్గర చెడే పని కాదు. అడ్రసు కాగితం దగ్గర చెడే పని. అందుకే మిగతావి గబగబా చెప్పేసి అక్కడ నిలబడతాను.

అసలు మీకు నంబరు కావాలా?

సరుకు అమ్మేవాళ్లకు ఆంధ్రప్రదేశ్‌లో ఏడాది టర్నోవరు 40 లక్షలు దాటితే రిజిస్ట్రేషన్ తప్పనిసరి. సర్వీసులకైతే 20 లక్షలు. తెలంగాణలో సరుకుకు కూడా 20 లక్షలే ఉంచారు. హైదరాబాద్ వాళ్ల వీడియో చూసి ఇక్కడ కంగారుపడేవాళ్లు నెలకొకరు తగులుతారు నాకు. మనది 40.

ఒక మెలిక ఉంది. సరుకు వేరే రాష్ట్రానికి అమ్మితే ఈ లెక్క వర్తించదు. చిత్తూరులో మామిడి తాండ్ర చేసేవాళ్లు వేలూరు అంగడికి నాలుగు పెట్టెలు పంపినా, అది రాష్ట్రం దాటిన అమ్మకమే. మొదటి పెట్టె వెళ్లకముందే నంబరు ఉండాలి. చెన్నై నుంచి సరుకు కొనడం వేరు, కొన్నంత మాత్రాన నంబరు తీసుకోవాల్సిన పని లేదు. ఈ రెంటినీ కలిపేసుకుని అనవసరంగా నంబరు తీసుకున్నవాళ్లూ ఉన్నారు, తీసుకోవాల్సి ఉండి తీసుకోనివాళ్లూ ఉన్నారు.

చేతిలో ఉండాల్సినవి

పాన్ కార్డు, ఆధార్, ఆధార్‌కు లింకైన ఫోను, జేపీజీ ఫార్మాట్‌లో 100 కేబీ లోపు పాస్‌పోర్ట్ ఫొటో, అంగడి అడ్రసు కాగితాలు. బ్యాంకు ఖాతా తర్వాతైనా ఇవ్వచ్చు. పాన్‌లో పేరు ఎలా ఉందో అప్లికేషన్‌లోనూ అక్షరం తేడా లేకుండా అలాగే కొట్టాలి. ఇంటిపేరు ముందా వెనకా అన్నది మన ఇష్టం కాదు, పాన్ ఇష్టం.

ప్రభుత్వానికి కట్టాల్సిన ఫీజు ఒక్క రూపాయి కూడా లేదు. ఎవరైనా చేసి పెట్టి తమ కష్టానికి తీసుకుంటే అది వేరే సంగతి. "గవర్నమెంటు ఫీజు" అని వేరుగా అడిగితే మాత్రం అక్కడి నుంచి లేచి వచ్చేయండి.

ఫోను నంబరు, ఈమెయిలు మీవే ఇవ్వాలి. మా వీధిలో టైలరింగ్ మెటీరియల్ అమ్మే అక్క అప్లికేషన్‌లో ఒక నెట్ సెంటరు వాళ్లు తమ నంబరు పెట్టేశారు. ఏడాది తర్వాత ఆ సెంటరు మూతపడింది. ఓటీపీ ఎవరికి పోతోందో తెలియక ఆమె తిరగని చోటు లేదు.

ఈ పని ఫోనులో చేయకండి. కుదురుతుంది, నాకూ తెలుసు. అయినా చేయకండి. కంప్యూటర్ ముందు, పొద్దున పది లోపు కూర్చోండి. ఒకే విడతలో ముగించండి, రెండో విడత కూర్చున్నప్పుడే తప్పులు దొర్లుతాయి.

మొదటి భాగం పది నిమిషాల పని

జీఎస్టీ డాట్ గవ్ డాట్ ఇన్ సైటులో సర్వీసెస్, అందులో రిజిస్ట్రేషన్, అందులో న్యూ రిజిస్ట్రేషన్. రాష్ట్రం, జిల్లా, పాన్, ఈమెయిలు, ఫోను ఇస్తే రెండు ఓటీపీలు వస్తాయి. జిల్లా దగ్గర ఒక్క క్షణం ఆగండి. 2022 ఏప్రిల్ 4 నుంచి తిరుపతి వేరే జిల్లా. చంద్రగిరి, శ్రీకాళహస్తి వాళ్లూ తిరుపతే ఎంచుకోవాలి. అలవాటు కొద్దీ చిత్తూరు నొక్కేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు.

ఇది అయ్యాక టీఆర్ఎన్ అనే తాత్కాలిక నంబరు వస్తుంది. దానితో లాగిన్ అయి, 15 రోజుల్లో రెండో భాగం పూర్తి చేయాలి. లేదంటే మళ్లీ మొదటికి రావాల్సిందే.

రెండో భాగంలో అంగడి పేరు, సొంత వ్యాపారమా భాగస్వామ్యమా, రిజిస్ట్రేషన్ ఎందుకు తీసుకుంటున్నారు అని వరసగా అడుగుతుంది. 40 లక్షలు దాటకుండానే తీసుకుంటుంటే వాలంటరీ అని పెట్టండి. కాంపోజిషన్, అంటే చిన్న వ్యాపారుల తేలిక పన్ను పద్ధతి, కావాలా అని కూడా అక్కడే అడుగుతుంది. టర్నోవరు కోటిన్నర లోపు ఉంటే, సరుకు వ్యాపారి టర్నోవరు మీద 1 శాతం కట్టి ఊరుకోవచ్చు. బాగానే ఉంది కదా అని అందరూ టిక్ పెట్టేస్తారు. కాంపోజిషన్‌లో ఉంటే కొనేవాడి దగ్గర పన్ను వసూలు చేయకూడదు, కొన్న సరుకు మీద కట్టిన పన్ను వెనక్కి రాదు, పక్క రాష్ట్రానికి అమ్మకూడదు. వేలూరు వైపు ఒక కన్నేసి ఉంచిన చిత్తూరు వ్యాపారి ఆ టిక్ జోలికి పోకూడదు. భక్తులకు చిల్లరగా అమ్ముకునే నాలాంటివాడికి సరిపోతుంది.

ఇక అసలు సంగతి, అంగడి అడ్రసు

ఇక్కడ నిదానంగా చదవండి.

అంగడి మీ సొంతమైతే, మీ పేరున ఉన్న తాజా ఇంటి పన్ను రసీదో, కరెంటు బిల్లో ఏదో ఒకటి చాలు. అద్దెదైతే అగ్రిమెంటు, దానితోపాటు ఓనరు పేరున ఉన్న ఇంటి పన్ను రసీదో కరెంటు బిల్లో కావాలి. అగ్రిమెంటు రిజిస్టర్ చేయించనిదైతే (మన దగ్గర పదకొండు నెలల అగ్రిమెంట్లన్నీ అవే) ఓనరు గుర్తింపు కార్డు కూడా పెట్టాలి. నాన్న పేరునో భార్య పేరునో ఉంటే అద్దె అగ్రిమెంటు నాటకం అక్కర్లేదు. తెల్ల కాగితం మీద వాళ్ల సమ్మతి పత్రం, వాళ్ల గుర్తింపు కార్డు, ఆ ఆస్తి వాళ్లదే అని చూపే కాగితం. అంతే.

చాలామంది చేసే తప్పు ఏమిటంటే ముందు స్టాంపు పేపరు కొనేస్తారు. ఓనరు చెప్పిన డోర్ నంబరు దాని మీద టైపు చేయిస్తారు. ఆ నంబరు ఓనరుకు ముప్పై ఏళ్ల కిందట తెలిసిన నంబరు. మధ్యలో మున్సిపాలిటీ వాళ్లు కొత్త నంబరు వేసి ఉంటారు. ఇంటి పన్ను రసీదులో కొత్తది ఉంటుంది, కరెంటు బిల్లులో ఒక్కోచోట పాతది, ఒక్కోచోట కొత్తది ఉంటుంది, గోడ మీద రెండూ ఉంటాయి, ఒకటి సున్నం కింద. గాజుల కుర్రాడికి జరిగింది సరిగ్గా ఇదే. అగ్రిమెంటు రాసినవాడు ఓనరు నోటి మాట విన్నాడే కానీ కాగితం చూడలేదు.

కాబట్టి క్రమం తిరగేయండి. ముందు ఓనరు దగ్గర తాజా ఇంటి పన్ను రసీదు తీసుకోండి. అందులో ఉన్న పేరు, డోర్ నంబరు, వీధి పేరు చూసి, అచ్చం అలాగే అగ్రిమెంట్లో రాయించండి. ఆ తర్వాతే స్టాంపు పేపరు. అప్లికేషన్‌లో అడ్రసు కొట్టేటప్పుడు కూడా మూడో చోటి నుంచి తెచ్చిన మాట ఒక్కటీ కలపకండి. రసీదులో "తిలక్ రోడ్డు" అని ఉంటే "టి.కె. స్ట్రీట్ దగ్గర" అని మీ సొంత గుర్తులు చేర్చకండి. రసీదు, అగ్రిమెంటు, అప్లికేషన్ మూడూ పక్కపక్కన పెట్టి, వేలు పెట్టి ఒక్కో అంకె చదవండి. నేను మా పిల్లవాడిచేత పైకి చదివిస్తాను. నా కళ్లు నాకు తెలిసిందే చూస్తాయి, వాడి కళ్లు అక్కడున్నది చూస్తాయి.

కరెంటు బిల్లు చెల్లదా అంటే చెల్లుతుంది. కానీ నేను ఇంటి పన్ను రసీదే పెట్టిస్తాను. మన ఎస్పీడీసీఎల్ బిల్లులో అడ్రసు కుదించి, సగం సగం మాటలతో ఉంటుంది. సర్వీసు నంబరు స్పష్టంగా ఉంటుంది, డోర్ నంబరు మాత్రం దేవుడికి తెలియాలి. బిల్లు తప్ప వేరే దారి లేకపోతే, పాత డోర్ నంబరు, కొత్త డోర్ నంబరు రెండూ అగ్రిమెంట్లో రాయించండి. "పాత నంబరు ఇది, ప్రస్తుతం ఇది" అని ఒక్క వాక్యం. ఆ వాక్యం ఉండి ఉంటే ఆ కుర్రాడు నా భోజనం వేళకు వచ్చేవాడే కాదు.

రెండో చిక్కు చనిపోయినవాళ్ల పేర్లు. బిల్డింగు తాత పేరున ఉంటుంది, అద్దె మనవడు తీసుకుంటాడు. అగ్రిమెంట్లో మనవడి సంతకం, రసీదులో తాత పేరు. ఆఫీసరు అడగక ఎలా ఊరుకుంటాడు? ఇంటి పన్నులో పేరు మార్పించమని ఓనరును ముందే అడగండి. అడ్వాన్సు ఇవ్వకముందు అడిగితే చేస్తాడు. ఇచ్చాక అడిగితే "చూద్దాంలే సామీ" అంటాడు.

పాత కాగితాల్లో "చిత్తూరు జిల్లా" అని ఉందే అని కొందరికి టెన్షన్. ఆ ఒక్క మాట మీద నోటీసు రావడం నేను చూడలేదు. డోర్ నంబరు, వీధి, పిన్‌కోడ్ కలిస్తే చాలు.

మ్యాపులో అంగడిని గుర్తించమంటుంది. ఇంట్లో కూర్చుని సుమారుగా పెట్టకండి. అంగడి ముందు నిలబడి ఫోనులో చూసుకుని, ఆ చోటే కంప్యూటర్లో పెట్టండి. అధికారి తనిఖీకి వచ్చినప్పుడు ఆ గుర్తు పట్టుకుని వస్తే లీలామహల్ సెంటర్లో తేలకూడదు కదా.

ఏ కాగితాలు అడగాలో ఏవి అడగకూడదో చెబుతూ కేంద్ర పన్నుల బోర్డు 2025 ఏప్రిల్ 17న తన అధికారులకు సూచనలిచ్చింది. జాబితాలో లేనివి అడిగి తిప్పవద్దన్నది దాని సారం. అయినా బోర్డు కనిపించేలా అంగడి ముందు మీరు నిలబడి తీసుకున్న ఫొటో ఒకటి దగ్గర ఉంచుకోండి. అప్‌లోడ్ చేయకపోయినా సరే. అగ్రిమెంటు స్కాన్ మాత్రం అన్ని పేజీలూ ఉండాలి. మొదటి పేజీ, సంతకాల పేజీ పెట్టి మధ్యవి మింగేసిన ఘనులున్నారు.

మిగిలినవి

అమ్మే సరుకుల హెచ్ఎస్ఎన్ కోడ్‌లు (ఒక్కో రకం సరుకుకు ఉండే అంకెలు) ఐదు వరకు ఇవ్వచ్చు. ముఖ్యమైనవి పెట్టండి చాలు. ఆధార్ అథెంటికేషన్‌కు "అవును" అనండి. సబ్మిట్ చేశాక ఈమెయిలుకు లింకు వస్తుంది. కొందరికి ఓటీపీతో అయిపోతుంది, కొందరిని వేలిముద్రలకు జీఎస్టీ సువిధ కేంద్రానికి రమ్మంటారు. ఎవరిని పిలవాలో సిస్టమే ఎంచుకుంటుంది, దానికి బాధపడేదేం లేదు. స్లాటు బుక్ చేసుకుని ఒరిజినల్ కాగితాలతో వెళ్లండి. ఏదైనా 15 రోజుల్లో ముగించాలి. సొంత వ్యాపారానికి సంతకం బదులు ఓటీపీ సరిపోతుంది. కంపెనీలకూ ఎల్ఎల్పీలకూ డిజిటల్ సంతకం ఉండాలి.

ఏఆర్ఎన్ (అప్లికేషన్ అందినట్టు ఇచ్చే నంబరు) వచ్చాక మామూలుగా ఏడు పని దినాల్లో తేలుతుంది. తనిఖీకి పడితే 30 రోజుల వరకు పట్టచ్చు. ఈ రోజుల్లో ఈమెయిలు రోజూ చూడండి, స్పామ్ కూడా. నోటీసు వస్తే వాదన పెట్టుకోకండి. అడిగినదానికి రెండు వాక్యాల్లో జవాబు, కాగితం. గాజుల కుర్రాడి విషయంలో ఓనరుతో పాత, కొత్త డోర్ నంబర్లు ఒకటే అని రాయించి, కొత్త ఇంటి పన్ను రసీదు జత చేశాం. ఆరో రోజు సాయంత్రం పంపాం. నంబరు వచ్చింది.

నంబరు వచ్చాక

మొత్తం 15 అక్షరాలు. మొదటి రెండూ 37, అది మన రాష్ట్రం. తర్వాత పది మీ పాన్. పద్నాలుగోది జెడ్. పాన్ భాగం ఒకసారి సరిచూసుకోండి. 30 రోజుల్లో, లేదా మొదటి జీఎస్టీఆర్-1 (అమ్మకాల లెక్క చెప్పే రిటర్ను) వేసేలోపు, ఏది ముందైతే అప్పటికి, బ్యాంకు ఖాతా చేర్చాలి. మరిచిపోతే నంబరు సస్పెండ్ అవుతుంది.

కాంపోజిషన్ కాకుండా మామూలు రిజిస్ట్రేషన్ తీసుకున్నవాళ్లు వ్యాపారం జరగకపోయినా రిటర్ను వేయాలి. ఏమీ లేని రిటర్ను ఆలస్యమైతే రోజుకు 20 రూపాయలు. నంబరు తీసుకుని బీరువాలో పెట్టేవాళ్లకు ఈ సంగతి ఎవరూ చెప్పరు.

సర్టిఫికెట్ ప్రింటు తీసి అంగట్లో కనిపించేచోట పెట్టాలి, బయట బోర్డు మీద నంబరు రాయించాలి. రెండూ నిబంధనలే. బోర్డు రాసే పెయింటరుకు నంబరు ఫోనులో చదివి చెప్పకండి, ప్రింటు చేతికివ్వండి. మా ఎదురు అంగడి బోర్డు మీద సున్నా బదులు ఇంగ్లీషు ఓ పడి రెండేళ్లయింది. దించి రాయించడానికి నిచ్చెన దొరకడం లేదట.